అమ్మాయికి ఎప్పుడు తెలియాలి? ఒక తమిళ ఫ్యామిలీ కామెడీని ఎడిటింగ్ టేబుల్ మీద సరిచేసిన తీరు

తమిళ సినిమాలకు ఎడిటింగ్ చేస్తూ చెన్నైలో స్థిరపడ్డ తెలుగువాణ్ణి. పగ తీర్చుకోవడానికి ఒక ఇంట్లో చేరి, చివరికి ఆ ఇంటి అమ్మాయినే ప్రేమించే హీరో కథలు నా దగ్గరికి తరచుగా వస్తుంటాయి. వాటిలో ఒకదాని గురించి వివరంగా రాయాలని చాలాకాలంగా అనుకుంటున్నాను. అందులో తీసిన సీన్లు దాదాపు అన్నీ అలాగే ఉన్నాయి. ఒక్క సంగతి ఎవరికి ఎప్పుడు తెలుస్తుందన్నది మారేసరికి సినిమా నిలబడింది. కొత్తగా ఎడిటింగ్‌లోకి వచ్చేవాళ్ళకీ, కథలు రాసేవాళ్ళకీ పనికొస్తుందని రాస్తున్నాను. సినిమా పేరు, నటీనటుల పేర్లు చెప్పను. కథలో ఊళ్ళు, వృత్తులు, ఒకటి రెండు బంధుత్వాలు కూడా మార్చాను.

నేపథ్యం

కథ మధురై వైపు పల్లెటూళ్ళో జరుగుతుంది. అక్కడ ఆడపిల్లకు చెవులు కుట్టించే వేడుకలో మేనమామదే పెద్దపీట. కులదైవం గుడి దగ్గర పాప ఆయన ఒళ్ళో కూర్చున్నాకే చెవులు కుడతారు. ఆయన తెచ్చే సారెను తాయ్‌మామన్ సీర్ అంటారు. పట్టుబట్టలు, నగలు, పళ్ళు, కొబ్బరికాయలు, పలహారాలు పళ్ళేల్లో సర్దుకుని, మేళాలతో ఊరేగింపుగా తీసుకొస్తారు. మన దగ్గర పుట్టువెంట్రుకలకు మేనమామ మొదటి కత్తెర వేస్తాడే, ఆ హక్కు లాంటిదే ఇది. ఇక బంధువులు ఇచ్చే డబ్బును మొయ్ అంటారు. మన చదివింపులన్నమాట. ఎవరు, ఏ ఊరు, ఎంత అన్నది నోటు పుస్తకంలో రాసి దాచుకుంటారు. రేపు వాళ్ళింట్లో శుభకార్యమైతే అంతకు కొంత కలిపి తిరిగి రాయాలి. పుదుక్కోట్టై, పేరావూరణి ప్రాంతాల్లో మొయ్ కోసమే ప్రత్యేకంగా విందులు పెట్టే అలవాటు ఉంది. ఇదంతా ఎందుకు చెబుతున్నానంటే, అక్కడ సారెను వెనక్కి పంపడమంటే చుట్టరికాన్ని ఊరి ముందు తెంపేయడమే. ఈ బరువు తెలియకపోతే ఈ కథలో పగ చిన్నపిల్లల అలకలా కనిపిస్తుంది.

మన హీరో తండ్రి పేదవాడు. చెల్లెల్ని రైస్‌మిల్లు ఉన్న ఇంటికి ఇచ్చాడు. మేనకోడలి చెవులు కుట్టే రోజున తన స్తోమతకు తగ్గ సారె తెచ్చాడు. మిల్లు యజమాని అయిన బావగారు దాన్ని చూసి నవ్వి, గుమ్మంలోనే ఆపేసి, పాపను ఇంకొకరి ఒళ్ళో కూర్చోబెట్టి చెవులు కుట్టించాడు. ఆ వరసలో ఒక పళ్ళెం మోసిన పిల్లవాడే హీరో. ఆ కుటుంబం తిరుప్పూరు వెళ్ళి బనియన్ కంపెనీల్లో పని చేసుకుని బతికింది. పెద్దవాడయ్యాక హీరో వేరే పేరుతో ఆ మిల్లులోనే లెక్కలు రాసే గుమాస్తాగా చేరతాడు. అమ్మాయి తనను ప్రేమించేలా చేసి, పెళ్ళి పందిట్లో ఆమెను పీటల మీదే వదిలేసి వెళ్ళిపోవాలన్నది అతని పథకం. తన తండ్రి తల ఏ ఊరి ముందు వంగిందో, అవతలివాళ్ళ తల కూడా ఆ ఊరి ముందే వంగాలి.

వరసకు ఆమె అతనికి మేనత్త కూతురు. కథ సుఖాంతమవుతుందని ప్రేక్షకుడికి మొదటి రీల్లోనే తెలిసిపోతుంది. అందుకని ఇలాంటి సినిమాలో ఉత్కంఠంతా వాళ్ళు ఎలా కలుస్తారన్నదాని మీదే ఆధారపడుతుంది.

ఇంకొక కట్టుబాటు కూడా చెప్పాలి. 2011 నుంచి 2017లో జీఎస్‌టీ వచ్చేదాకా తమిళనాడులో వినోదపు పన్ను మినహాయింపుకు తమిళ టైటిల్‌తో పాటు యూ సర్టిఫికెట్ (అన్ని వయసులవాళ్ళూ చూడొచ్చని సెన్సార్ ఇచ్చేది) కూడా ఉండాల్సి వచ్చేది. ఈ సినిమా ఆ రోజుల్లోది. యూ తప్పనిసరి కాబట్టి అవమానం సీన్లో కొట్టుకోవడాలు, బూతులు పెట్టలేదు. పళ్ళేలు గుమ్మం దగ్గర ఆగిపోతాయి, మేళం ఆగిపోతుంది, అంతే. ఆ పరిమితి సినిమాకు మేలే చేసిందని నా అభిప్రాయం.

సమస్య ఎక్కడ మొదలైంది

రఫ్ కట్‌ని, అంటే సీన్లన్నీ వరసగా పేర్చిన తొలి కూర్పుని, సినిమావాళ్ళు కాని కుటుంబాలకు వేసి చూపించాం. నేను ఇలాంటి షోల్లో తెర చూడను. పక్క వరసలో కూర్చుని ముఖాలు చూస్తాను. ఫస్టాఫ్‌లో నాయనమ్మ పాత్ర నోరు తెరిస్తే చాలు, నవ్వులు. సెకండాఫ్‌లో ఒక చోట నవ్వు ఆగింది, మళ్ళీ రాలేదు. క్లైమాక్స్‌లో అమ్మాయికి నిజం తెలిసి, ఏడ్చి, తండ్రి క్షమాపణ చెప్పగానే హీరోని క్షమించేస్తుంది. అక్కడ ఒకావిడ తన కూతురి వైపు తిరిగి ఏదో అంది. నాకు వినపడలేదు కానీ, ఆ తల అడ్డంగా ఊగిన తీరు చూస్తే ఒప్పుకోలేదని తెలిసింది.

నిర్మాత సెకండాఫ్ లెంగ్త్ ఎక్కువైందన్నారు. డైరెక్టర్‌కేమో కామెడీ తక్కువైందనిపించింది. సినిమా ఆడకపోతే అందరూ ముందు చెప్పే మాటలివే, చాలాసార్లు నిజం కూడా. కానీ నవ్వు ఆగిన చోటు కచ్చితంగా తెలిసింది కాబట్టి నేను ఆ సీనునే పట్టుకుని కూర్చున్నాను.

అది జిమికీల సీను. తండ్రికి ఒంట్లో బాగోలేదు, డబ్బు కావాలి అని హీరో నాటకమాడతాడు. అమ్మాయి మిల్లు వెనకాల ధాన్యం బస్తాల చాటున తన జిమికీలు తీసి అతని చేతిలో పెడుతుంది. "ఎవరికీ చెప్పకండి" అంటుంది. ఆ నటి చాలా బాగా చేసింది. అంత బాగా చేయడం వల్లే ఇబ్బంది మొదలైంది. అప్పటిదాకా హీరో ఆ ఇంట్లోవాళ్ళను బురిడీ కొట్టిస్తుంటే మనకు సరదాగా ఉంది, ఎందుకంటే పెద్దవాళ్ళు దానికి తగ్గవాళ్ళే. ఇక్కడ ఏ పాపం తెలియని అమ్మాయి, ఏ చెవుల దగ్గర ఈ గొడవంతా మొదలైందో ఆ చెవులవే తీసి ఇస్తోంది. హీరో రహస్యం మనకు తెలుసు, ఆమెకు తెలియదు. మోసంలో ప్రేక్షకుడు కూడా భాగస్వామి అయిపోయాడు. ఇక ఆ తర్వాత వచ్చే ప్రతి జోకూ ఆ అమ్మాయి అమాయకత్వం మీద వేసినట్టే ఉంటుంది. ఫ్యామిలీ ఆడియన్స్ దానికి నవ్వరు.

ప్రయత్నించినవి, పని చేయనివి

మొదట లెంగ్త్ తగ్గించాం. నిర్మాత మాట కాదనడానికి కారణం లేదు, పైగా అది అన్నిటికంటే తేలిక. హీరో స్నేహితుడి ట్రాక్ కొంత, ఒక పాటలో చరణం పోయాయి. ఫలితమేమిటంటే, ఆ నిశ్శబ్దం ఇంకొంచెం ముందుగా వచ్చింది. నొప్పి ఉన్న చోటును కాకుండా చుట్టుపక్కల కోస్తే అంతే జరుగుతుంది.

తర్వాత హీరో పశ్చాత్తాపాన్ని పెంచాం. దానికీ ఒక లాజిక్ ఉంది. ప్రేక్షకులకు హీరో మీద కోపం వస్తోంది కాబట్టి, అతను లోపల ఎంత నలిగిపోతున్నాడో చూపిస్తే కోపం తగ్గాలి. గుడి మెట్ల మీద ఒంటరిగా కూర్చున్న షాట్లు వేరే సీన్లకు తీసినవి ఉంటే తెచ్చి కలిపాం. వాయిస్ ఓవర్ పెట్టాం, ఫ్లూట్ పెట్టాం. అది ఇంకా ఎదురుతిరిగింది. అంత బాధపడేవాడు వెళ్ళి నిజం చెప్పొచ్చుగా? పశ్చాత్తాపం ఎంత ఎక్కువ చూపిస్తే, చెప్పకపోవడం అంత పెద్ద తప్పుగా కనిపించింది. ఏడ్చే మోసగాడి కంటే నవ్వే మోసగాడినే జనం ఎక్కువసేపు భరిస్తారని ఆ వెర్షన్‌తో అర్థమైంది.

ఫ్లాష్‌బ్యాక్‌ని సెకండాఫ్ నుంచి సినిమా మొదటికి తెచ్చే ప్రయత్నం సగం పనిచేసింది. హీరో కోపానికి న్యాయం దొరికింది. కానీ అవమానించిన మనిషి ముఖం ముందే చూసేయడంతో, ఫస్టాఫ్ కామెడీని మోసే మిల్లు యజమాని పాత్ర దెబ్బతింది. ఆయన లుంగీ ఎగ్గట్టి కోడి వెంట పరిగెత్తే సీనుకు ఎప్పుడూ పడే నవ్వు పడలేదు. అందుకే ఫ్లాష్‌బ్యాక్‌ని రెండు ముక్కలు చేశాను. పిల్లవాడి చేతిలో పళ్ళెం, ఆగిపోయిన మేళం, గుమ్మంలో ఎవరో పెద్దమనిషి కాళ్ళు, ఇవి మాత్రం మొదట్లో పెట్టాను. ముఖం, మాటలు వెనక్కి పంపాను. కోపం ముందే తెలిసి, అది ఎవరి మీదో కొంచెం ఆలస్యంగా తెలిస్తే ఇద్దరికీ న్యాయం జరుగుతుంది. ఈ మార్పు ఫైనల్లో కూడా ఉంది.

హీరో మధ్యలోనే నిజం చెప్పేసేలా రీషూట్ చేద్దామన్న ఆలోచన కూడా వచ్చింది. హీరోయిన్ డేట్లు లేవు, ఫైనాన్స్ వడ్డీ పెరుగుతోంది. ఆ ఇబ్బందులు లేకపోయినా నేను వద్దనేవాణ్ణి. నిజం చెప్పిన క్షణంలోనే కామెడీ అయిపోతుంది, ఇంకా ముప్పావుగంట సినిమా మిగిలి ఉంటుంది.

పని చేసినది

హీరో చెప్పకూడదు. అమ్మాయి మోసపోకూడదు. ఈ రెండూ కలవాలంటే దారి ఒక్కటే: ఆమెకు ముందే తెలియాలి, తెలిసినట్టు అతనికి తెలియకూడదు.

డైరెక్టర్ వెంటనే ఒప్పుకోలేదు. "అన్నా, ఆమెకు ముందే తెలిసిపోతే మా హీరో వెధవ అయిపోతాడు కదా" అన్నాడు. ఆ భయంలో అర్థముంది. మాస్‌లో పేరున్న హీరో, అతని అభిమానులు చూడాలి. నేను వాదన పెట్టుకోలేదు. మా అసిస్టెంట్ అమ్మాయి గొంతుతో టెంపరరీగా డైలాగులు వేసి ఒక రీలు కట్ చేసి చూపించాను. తన పథకం గెలుస్తోందనుకుంటూ మురిసిపోయే హీరోని చూసి డైరెక్టరే పైకి నవ్వాడు. తనే అందరికంటే తెలివైనవాణ్ణనుకునే మనిషి బోల్తా పడుతుంటే జనానికి అతని మీద ఇష్టం పెరుగుతుంది. నవ్వించే హీరోకి అది అవమానం కాదు.

మరి ఆమెకు తెలిసే సీను తీసి లేదు. ఇక్కడ తమిళ, తెలుగు సినిమాలకు ఉన్న ఒక సౌకర్యం పనికొచ్చింది. మాటలన్నీ ఎలాగూ తర్వాత డబ్బింగ్ థియేటర్లోనే చెప్పిస్తాం. పెదాలు కనపడని షాట్ దొరికితే చాలు, అందులో కొత్త మాట పెట్టొచ్చు. తల్లీకూతుళ్ళు బీరువా ముందు పట్టుచీరలు మడతపెట్టుకునే సీనొకటి ఉంది. పెళ్ళి కబుర్లు చెప్పుకునే మామూలు సీను. అందులో వెనక నుంచి తీసిన వైడ్ షాట్ పొడుగ్గా ఉంది. క్లోజప్‌లో, డైరెక్టర్ యాక్షన్ అనకముందు ఆ నటి డైలాగ్ గుర్తు చేసుకుంటూ ఎటో చూస్తున్న కొన్ని క్షణాలు ఉన్నాయి. మామూలుగా పారేసే ముక్క అది.

కొత్తగా తీసినవి ఇన్సర్ట్‌లు, అంటే వస్తువుల్ని దగ్గరగా చూపించే చిన్న షాట్లు మాత్రమే, నటులు అక్కర్లేదు: పాత మొయ్ పుస్తకం, అందులో ఎర్ర సిరాతో కొట్టేసిన ఒక పేరు, పేజీల మధ్య చెవులు కుట్టిన రోజు ఫొటో. ఫొటోలో అంచున పళ్ళెం పట్టుకుని నిలబడ్డ పిల్లవాడు. సీను ఇలా తయారైంది. పుస్తకం. కొట్టేసిన పేరు. ఫొటో. తల్లి వీపు కనిపించే వైడ్‌లో ఆమె గొంతు: "ఈ పళ్ళెం పట్టుకున్న పిల్లాడు ఎవరో తెలుసా?" కూతురి ముఖం, ఆ పారేయాల్సిన ముక్క. మళ్ళీ వైడ్, కూతురి గొంతు: "తెలుసమ్మా. మన మిల్లులో లెక్కలు రాస్తున్నాడు."

కొత్తవాళ్ళకు దర్శకుడు లెవ్ కులెషోవ్ ప్రయోగం గురించి చెబుతుంటాం. 1920ల ప్రాంతంలో సోవియట్ రష్యాలో ఆయన ఒకే నటుడి ముఖం పక్కన సూప్ గిన్నె ఒకసారి, శవపేటిక ఒకసారి పెట్టి చూపిస్తే, చూసినవాళ్ళకు ఆ ముఖంలో ఒకసారి ఆకలి, ఒకసారి దుఃఖం కనిపించాయట. డైలాగ్ గుర్తు చేసుకుంటున్న నటి ముఖంలో మనకు ఇరవై ఏళ్ళ కుటుంబ చరిత్ర కనిపించడం వెనక ఉన్నది ఆ సూత్రమే.

ఆ సీను ఎక్కడ పెట్టాలన్నది తేల్చడానికి చాలా ఆలోచించాం. ఇంటర్వెల్‌కి ముందు పెడితే పెళ్ళి ముహూర్తం పెట్టే ఇంటర్వెల్ బ్యాంగ్ చప్పబడిపోతుంది, హీరో పథకం అంటే భయం ఉండదు. జిమికీల సీను తర్వాత పెడితే అప్పటికే నవ్వు చచ్చిపోయి ఉంటుంది. కాబట్టి ఇంటర్వెల్‌కీ జిమికీలకీ మధ్య. అందులోనూ ఇంటర్వెల్ తర్వాత మొదటి సీనుగా వద్దన్నాను. పాప్‌కార్న్ పట్టుకుని జనం చీకట్లో సీట్లు వెతుక్కునే సమయమది. నాయనమ్మ కామెడీ బిట్ ఒకటి అక్కడ పెట్టి, బీరువా సీనుని రెండోదిగా వేశాం.

ఇక జిమికీల సీను చూడండి. షాట్లు ఒక్క ఫ్రేము కూడా మారలేదు. చివరి మాట మాత్రం మారింది. అప్పుడు ఆమె వీపు కెమెరా వైపు ఉంటుంది కాబట్టి వీలైంది. "ఎవరికీ చెప్పకండి" తీసేసి "మీ నాన్నగారికి నా నమస్కారం చెప్పండి" అని పెట్టాం. హీరో అది మర్యాద అనుకుంటాడు. ప్రేక్షకుడికి మాత్రం తెలుసు, మేనమామకు మేనకోడలు పంపిన మొదటి నమస్కారం అదని. హీరో ముఖంలో ముందే తీసి ఉన్న తడబాటు అక్కడ అతికినట్టు సరిపోయింది.

తర్వాతి కామెడీ అంతా దానంతటదే ఆమె చేతిలోకి వచ్చింది. అతనితో బస్తాలు మోయించే సీను, నాయనమ్మ పక్కనే కూర్చోబెట్టి భోజనం వడ్డించే సీను ఇంతకుముందు ఆమె అమాయకత్వంలా ఉండేవి. ఇప్పుడు పాత బాకీ మెల్లగా వసూలు చేస్తున్నట్టుంది. ఆ నటికి గొంతు చెప్పిన డబ్బింగ్ ఆర్టిస్ట్ గురించి ఇక్కడ రాయకపోతే అన్యాయం. మిల్లులో రోజూ సాయంత్రం "లెక్క సరిపోయిందా?" అని అడిగే చిన్న డైలాగ్ ఉంది. మొదటి డబ్బింగ్‌లో అది మామూలు ప్రశ్న. ఆవిడను మళ్ళీ పిలిపించి, కథ మారిందని చెప్పాం. పెదాలకు సింక్ తప్పకూడదు కాబట్టి మాట మార్చే వీల్లేదు. ఆవిడ ‘లెక్క’ అన్న దగ్గర రవ్వంత నొక్కి, చివర్లో గొంతు కొద్దిగా కిందికి దించింది. అంతే. తర్వాతి షోలో ఆ డైలాగ్‌కి వెనక వరసల నుంచి కేక పడింది.

ఒక ప్రశ్న మిగిలింది. తెలిసీ ఆమె ఎందుకు ఊరుకుంది? సరదా కోసమైతే ఆమె కూడా అతనిలాగే ఆడుకుంటున్నట్టవుతుంది. తల్లికి ఇరవై ఏళ్ళుగా పుట్టిల్లు లేదు. తన పెళ్ళికి మేనమామ సారెతో ఈ ఇంటి ముందు గుమ్మంలోంచే రావాలి, నాన్నే ఎదురెళ్ళి అందుకోవాలి, అప్పటిదాకా మాట్లాడను అని బీరువా సీన్లోనే చెప్పించాం. దాంతో హీరో పగకూ, ఆమె మౌనానికీ కారణం ఒక్కటే అయింది. ప్రేమ నమ్మేలా ఉన్నది అందువల్లే అనుకుంటాను. ఇద్దరూ ఒకే గాయాన్ని రెండు వైపుల నుంచి మాన్పాలని చూస్తున్నారు.

క్లైమాక్స్‌లో క్రమం విషయంలో నేను చాలా పట్టుబట్టాను. తనకు తెలుసన్న మాట ఆమె ముందు చెప్పకూడదు. చెబితే హీరో దొరికిపోయినవాడవుతాడు, అతని మాటకు విలువుండదు. ఊరందరి ముందు, ఏమీ తెలియదనుకుంటున్న అమ్మాయికి, వదిలేసి వెళ్దామనే వచ్చానని అతనే చెప్పాలి. దానివల్ల ఆమెనూ, తండ్రి పరువునూ పోగొట్టుకుంటానని తెలిసి చెప్పాలి. ఆ తర్వాతే ఆమె మాట. కాబట్టి ఆమె షాక్ తిన్న క్లోజప్ తీసేసి, ఆమె మాటను హీరో ముఖం మీద వినిపించాం.

సారె అందుకునే షాట్లు మొదట ఎండ్ టైటిల్స్ పాటలో మాంటేజ్‌గా ఉండేవి. మిల్లు యజమాని గుమ్మం దిగి, బావమరిది చేతిలో పళ్ళెం అందుకుంటాడు. అసలు పరిష్కారం పాటలో కొట్టుకుపోయింది! దాన్ని తాళి కట్టడానికి ముందుకు తెచ్చాం. సంగీత దర్శకుడు అక్కడ థీమ్ మ్యూజిక్ ఉండాలన్నారు. మొదట్లో పిల్లవాడి పళ్ళెం దగ్గర ఆగిన మేళం ఇక్కడ మొదలైతే చాలన్నది నా అభిప్రాయం. రెండూ వేసి చూశాక ఆయనే మేళం ఉంచేశారు.

నేర్చుకున్నవి

ఇప్పుడు ఇలాంటి కథ వస్తే స్క్రిప్ట్ దశలోనే ఒక పట్టిక రాయమంటాను. సీన్లు నిలువుగా, పాత్రలు అడ్డంగా, ఏ సీన్లో ఎవరికి ఏ సంగతి తెలుసు అన్నది. ప్రేక్షకుడిని కూడా ఒక పాత్రగా ఆ పట్టికలో వేయాలి. మోసపోతున్న మనిషి ఒక్కరికే ఏమీ తెలియని సీన్లు వరసగా వస్తున్నాయంటే అక్కడ నవ్వు ఆగుతుందని ముందే గుర్తు పెట్టుకోవచ్చు.

పొగరుబోతు అమ్మాయి మెడలు వంచడమే ప్రేమ అన్నట్టు తీసిన కథలు తమిళంలోనూ తెలుగులోనూ చాలా ఆడాయి. ఆ రోజులు పోయాయి, పోవడం మంచిదే. పగ తండ్రి మీదైతే లెక్క తండ్రితోనే తేలాలి. కూతురిని దానికి పనిముట్టుగా వాడినందుకు హీరో వేరే లెక్క చెల్లించాలి. ఒకే క్షమాపణతో రెండూ కలిపి చెరిపేసిన వెర్షన్‌ను మా షోలో కూర్చున్న ఆడవాళ్ళు ఒప్పుకోలేదు. వాళ్ళదే సరైన తీర్పు.

ఈ సినిమాలో సరిచేయలేనిది ఒకటుంది. తల్లి పాత్ర. ఇరవై ఏళ్ళు అన్నను చూడని చెల్లెలు అతన్ని చూసిన క్షణానికి మా దగ్గర ఒక్క మిడ్ షాట్ ఉంది, అదీ జనం మధ్య సగం కప్పేసి ఉంది. క్లోజప్ తీయలేదు, ఏ సీను నుంచి తెచ్చి పెట్టినా అతకలేదు. అప్పటి నుంచి నేను పనిచేసే డైరెక్టర్లను షూటింగ్‌కి ముందే అడుగుతాను: కుటుంబం మొత్తం ఉన్న సీన్లలో డైలాగ్ లేని పాత్రలకు కూడా ఒక మౌనమైన క్లోజప్, వెనక నుంచి ఒక వైడ్ తీసి పెట్టమని. లైటింగ్ మార్చకుండా తీస్తే పెద్దగా ఖర్చుండదు. అసిస్టెంట్ డైరెక్టర్లకైతే ఇంకొకటి చెబుతాను: కట్ అన్నాక కెమెరా వెంటనే ఆపించొద్దు, నటులు పాత్రలోంచి బయటికి వచ్చే ఆ కొన్ని సెకన్లు కూడా రోల్ అవనివ్వండి, ఏ షాట్‌లో ఏముందో రాసే లాగ్ షీట్‌లో రాసి పంపండి.